గిన్నె తీసేసి మడి వేశాం

అల్ సద్, దోహా
జనవరి నెలాఖరు

ప్రియమైన పాఠకులకు,

మా ఇంటికి తాబేలు వచ్చిందని పోయిన ఉత్తరంలో ఒక్క ముక్క రాసి ఊరుకున్నాను. ఆ ఒక్క ముక్క పట్టుకునే మీలో చాలామంది తిరిగి రాశారు. అదేం తింటుంది, ఫ్లాట్‌లో ఎలా బతుకుతుంది, పిల్లలు హామ్‌స్టర్ కావాలని మారాం చేస్తున్నారు కొనివ్వమంటారా అని. విడివిడిగా జవాబులు రాసేకంటే ఈ నెల ఉత్తరం మొత్తం ఆ కబురుకే ఇచ్చేస్తున్నాను.

మాది అల్ సద్‌లో మూడో అంతస్తు. రెండు గదులు, తూర్పు ముఖంగా చిన్న బాల్కనీ. అరబ్బీలో సద్ అంటే ఆనకట్ట. పేరులో నీళ్లున్నాయి గానీ మా వీధిలో మట్టి కనబడాలంటే చెట్టు చుట్టూ కట్టిన పాదులోకి తొంగి చూడాల్సిందే. ఇలాంటి చోట మాతో పాటు రెండు గినీ పిగ్‌లు, ఒక హామ్‌స్టర్, ఒక తాబేలు ఉంటున్నాయి. గినీ పిగ్‌లకు మా అమ్మాయి బెల్లం, బియ్యం అని పేర్లు పెట్టింది. ఒకటి ముదురు గోధుమ రంగు, ఇంకోటి తెల్లన. తాబేలు పేరు రాయుడు. సెప్టెంబరులో ఒక కుటుంబం ఎగ్జిట్ వేసుకుని ఊరికి వెళ్లిపోతూ దాన్ని ఎవరికిద్దామా అని దిగులు పడుతుంటే మేం తెచ్చుకున్నాం. గల్ఫ్‌లో ఇది మామూలే. ఉద్యోగం అయిపోతుంది, సామాను అమ్ముడవుతుంది, పెంచుకున్న ప్రాణి మాత్రం మిగిలిపోతుంది.

రాయుడు ఒక ప్లాస్టిక్ తొట్టిలో వచ్చాడు. తొట్టితో పాటు ఒక గిన్నె. రోజూ పొద్దున ఆ గిన్నెలో లెట్యూస్, కీరదోస ముక్కలు వేయమని చెప్పారు. వేశాం. అయిదు నిమిషాల్లో తినేసేవాడు. ఆ తర్వాత మొదలయ్యేది. తొట్టి మూలకు వెళ్లి ముందుకాళ్లతో గోడను గోకడం. గర్రు గర్రుమని పొద్దుగూకేదాకా అదే చప్పుడు. ఆకలి తీరలేదేమోనని ఇంకాస్త వేశాం. తిని, మళ్ళీ వెళ్లి గోకాడు. కడుపు నిండినా వాడికింకా ఏదో కావాలి. అదేమిటో మాకు వెంటనే అర్థం కాలేదు.

అప్పుడు నాకు గుర్తొచ్చింది ధబ్. దాని సంగతి మీకు చెప్పి తీరాలి.

ఒక మార్చి నెలలో శుక్రవారం పొద్దున జెక్రీత్ వైపు ఎడారికి వెళ్లాం. ఖతర్‌లో ఏడాది మొత్తానికి పడే వాన సగటున 80 మిల్లీమీటర్ల దరిదాపుల్లోనే. మన దగ్గర ఒక్క ముసురు రోజులో అంతకంటే ఎక్కువ కురుస్తుంది. ఆ కాస్త నీరూ జారి చేరే పల్లపు నేలల్ని ఇక్కడ రౌదా అంటారు. వానాకాలపు పచ్చదనం ఎడారిలో ముందు వచ్చేదీ, చివరిదాకా నిలిచేదీ అక్కడే. అలాంటి పల్లం అంచున ఒక బొరియ, బొరియ ముందు మూరెడు పొడవున్న ముళ్ల తోక బల్లి. దానినే ఇక్కడివాళ్లు ధబ్ అంటారు. పొద్దున చలికి నల్లగా ఉంది. ఎండ కాగుతున్న కొద్దీ ఒళ్లు పసుపు కలిసిన లేత రంగుకు తిరిగింది. బైనాక్యులర్స్‌లో చూస్తే ముక్కు రంధ్రాల చుట్టూ తెల్లటి పొక్కు. అది ఉప్పు. ఉప్పు నేలల్లో పెరిగే మొక్కలు తింటుంది కదా, ఒంట్లో చేరిన అదనపు ఉప్పును ముక్కులోని గ్రంథుల గుండా బయటకు తోసేస్తుంది. నీళ్లు తాగేది ఎప్పుడో గానీ లేదు. ఆకుల్లోని తడే దానికి నీరు.

నన్ను కట్టిపడేసింది అది తినే తీరు. ఒక మొక్క దగ్గర రెండు కొరుకులు. తల ఎత్తి చుట్టూ చూపు. నాలుగడుగులు. నాలుక చాపి ఇంకో మొక్కను తాకి, నచ్చక వదిలేసి, పక్కదాని పువ్వు మాత్రం తుంచుకుంది. ఇరవై నిమిషాల్లో పదకొండు మొక్కల దగ్గర ఆగింది. ఏ ఒక్కదాన్నీ మోడు చేయలేదు. మన ఊళ్లలో మేకను చూసిన వాళ్లకు ఇది కొత్త కాదు. మేయడం అంటే తినడం ఒక్కటే కాదు. నడవడం, వాసన పట్టడం, ఎంచుకోవడం, పీకడం, ఇవన్నీ కలిస్తేనే మేత.

మా రాయుడికి గిన్నెతో మేం ఇచ్చింది తినడం ఒక్కటే. మిగతాదంతా లాగేసుకున్నాం. దొరకని ఆ పనినే వాడు తొట్టి మూలలో వెతుక్కుంటున్నాడు.

ఎలుకల మీద 1963లో అచ్చయిన ఒక ప్రయోగం ఉంది. గ్లెన్ జెన్సన్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త బోనులో ఎలుకకు రెండు దారులు పెట్టాడు. ఒక పక్క గిన్నె నిండా తిండి. ఇంకో పక్క మీట, నొక్కితే అదే తిండి ఒక్కో గుళిక పడుతుంది. గిన్నె ఎదురుగానే ఉన్నా ఎలుకలు మీట దగ్గరికే వెళ్లి నొక్కుకుని తిన్నాయి. ఆ తర్వాత చాలా జంతువుల్లో, పక్షుల్లో ఇదే కనబడింది. పెంపుడు పిల్లి మాత్రం గిన్నెకే ఓటు వేస్తుందట. కష్టపడి తెచ్చుకున్న గింజ రుచే వేరని మన పెద్దవాళ్లు అనే మాట ఎలుకకూ తెలుసు.

ఇక మేం ఏం చేశామో చెబుతాను. గిన్నె తీసేసి, దాని బదులు మడి వేశాం.

మన పెళ్లిళ్లలో అంకురార్పణ చూశారు కదా. మట్టి పాలికల్లో నవధాన్యాలు చల్లి నీళ్లు పోస్తే పెళ్లినాటికి పచ్చగా లేస్తాయి. అదే పని బేకింగ్ ట్రేలో చేశాం. అడుగున చిన్న బెజ్జాలు పొడిచి, నాలుగంగుళాల మేర ఎరువు కలపని మట్టి పోసి, రాత్రంతా నానబెట్టిన గోధుమలు దట్టంగా చల్లాం. తొమ్మిది ధాన్యాల జోలికి పోలేదు, గోధుమ ఒక్కటే. దోహా చలికాలంలో మూడో రోజుకు మొలక తెల్లగా పైకి వస్తుంది, పదో రోజుకు జానెడు గడ్డి. ఇంకో ట్రేలో ధనియాలు, మెంతులు. గింజలు వంటింటి డబ్బాలోవే వాడండి. విత్తనాల కొట్లో దొరికేవాటికి రంగు కలిపిన మందు పట్టించి ఉంటుంది, అది జంతువు నోట్లోకి పోకూడదు. కొన్న మట్టిలో తెల్లటి పెర్లైట్ గుళికలు కనబడితే అవీ ఏరేయాలి. తిండి అనుకుని మింగేస్తాయి.

మొత్తం మూడు ట్రేలు. ఒకటి జంతువుల దగ్గర, ఒకటి లేస్తూ, ఒకటి కోలుకుంటూ ఉంటాయి. మేసిన ట్రేను వారం పక్కన పెడితే గోధుమ గడ్డి మళ్లీ ఒకసారి చిగురిస్తుంది. రెండోసారి తర్వాత వేళ్లు కుళ్లి బూజు పడుతుంది, అప్పుడు పారేసి కొత్తగా చల్లాలి. వేసవి సంగతి వేరు. జూన్ నుంచి సెప్టెంబరు దాకా బాల్కనీలో ఏదీ నిలవదు, ట్రేలు ఏసీ గదిలో కిటికీ దగ్గరికి రావాల్సిందే.

మొదటి ట్రేను రాయుడి ముందు పెట్టిన పొద్దు నాకింకా కళ్లకు కట్టినట్టుంది. ముందు ఏమీ చేయలేదు. మెడ చాపి గడ్డి కొసల దగ్గర ముక్కు పెట్టి అలాగే ఉండిపోయాడు. గొంతు కింద చర్మం మాత్రం పైకీ కిందికీ కదులుతోంది, వాసన పడుతున్నాడు. తర్వాత నోరు తెరిచి ఒక పోచను పట్టాడు. తెగలేదు. లెట్యూస్ అయితే పట్టగానే ఊడి వచ్చేది, ఇది వేళ్లతో నేలను పట్టుకుని ఉంది. వాడు కుడి ముందుకాలు ట్రే అంచుకు తన్నిపెట్టి, తలను ఒక్కసారి వెనక్కి గుంజాడు. పుట్టుక్కుమని తెగింది. నోటికి రెండు పక్కలా గడ్డి వేలాడుతుండగా నమిలాడు, మళ్లీ కాలు తన్నిపెట్టాడు. ఆ పూట నలభై నిమిషాలు మేశాడు. అయ్యాక మూలకు వెళ్లలేదు. దీపం కింద రాతిపలక మీద కాళ్లు బారజాపి పడుకున్నాడు. గోకుడు ఆ రోజే ఆగిపోయిందని చెప్పను. వారం పది రోజుల్లో తగ్గుతూ తగ్గుతూ పోయింది.

రాయుడిది సల్కాటా జాతి, ఆఫ్రికాలో సహారాకు దక్షిణపు అంచున పుట్టిన తాబేలు. వాటి తిండిలో సింహభాగం గడ్డే. కీరదోస, లెట్యూస్ నీళ్ల మూటలు, పీచూ కాల్షియమూ తక్కువ. ఇప్పుడు గడ్డి కాకుండా రోజూ ఒకటి రెండు ఆకులు చోటు మార్చి పెడుతున్నాం. ఒకటి రాతిపలక మీద, ఒకటి ఇటుక వెనక, ఒకటి కుండపెంకు కింద సగం కనబడేలా. రాతి మీద తింటే ముక్కు అంచు అరుగుతుంది కూడా. ఇసుక మీద మాత్రం వేయకండి, ఆకుతో పాటు ఇసుక కడుపులోకి పోయి గడ్డకడుతుంది. మందార పువ్వు పెట్టిన రోజు వాడి నడక చూడాలి. తాబేళ్లకు రంగులు బాగా తెలుస్తాయి, గది అవతల ఎర్రగా కనబడితే చాలు, దారిలో ఉన్న గడ్డిని కూడా తొక్కుకుంటూ పోతాడు.

ఒక మాట మధ్యలో. ఆకుల్లో ఎంత కాల్షియం ఉన్నా ఒంటికి పట్టాలంటే ఎండలోని అతినీలలోహిత కిరణాలు కావాలి. కిటికీ అద్దం వాటిని ఆపేస్తుంది. అద్దం వెనక ఎండలో కూర్చోబెట్టి సరిపోయిందనుకోకండి. చలికాలంలో పదిగంటల ఎండకు బాల్కనీలోకి తేవాలి, నీడకు తప్పుకునే చోటు ఉండాలి, మిగతా కాలం యూవీబీ దీపం పెట్టాలి. తాబేలును తాకాక సబ్బుతో చేతులు కడుక్కోవడం పిల్లలకు అలవాటు చేయండి, వాటి ఒంటి మీద సాల్మొనెల్లా ఉంటుంది. అమెరికాలో 1975లో 4 అంగుళాల కంటే చిన్న తాబేళ్ల అమ్మకాన్ని నిషేధించింది ఇందుకే.

బెల్లం, బియ్యం సంగతికి వస్తాను. వీటికి ఆకుకూర విలాసం కాదు, ప్రాణాధారం. మనకు లాగే గినీ పిగ్ ఒంట్లో విటమిన్ సి తయారు కాదు. 1907లో నార్వేలో హోల్స్ట్, ఫ్రోలిక్ అనే ఇద్దరు వీటికి గింజల తిండి మాత్రమే పెట్టి చూస్తే నావికులకు వచ్చే స్కర్వీ లాంటి జబ్బే వచ్చింది. ఆకుకూరలు, పళ్లు పెడితే తగ్గింది. విటమిన్ సి కనుక్కోవడానికి బాట వేసింది ఆ పనే. రోజుకు 10 నుంచి 30 మిల్లీగ్రాములు అందాలి. మేం చిన్న క్యాప్సికమ్ ముక్క, కొత్తిమీర పెడతాం. ఇక నోట్లోని పళ్లు. అవి చచ్చేదాకా పెరుగుతూనే ఉంటాయి. గడ్డి నమిలి నమిలి అరగకపోతే నోరు మూతపడేంత పెరిగి ప్రాణం మీదికి తెస్తాయి. కాబట్టి ఎండుగడ్డి ఎప్పుడూ ఉండాలి, ఆకులు దాని తర్వాతే.

వాటికి కూడా ఆకులు గిన్నెలో వేయడం మానేశాం. కొత్తిమీరను ఎండుగడ్డి కుప్పలో అక్కడక్కడా దూర్చేస్తాం. టిష్యూ చుట్ట అట్టగొట్టంలో ఇక్కడ జర్జీర్ అనే ఆకుకూర కూరి రెండు పక్కలా గడ్డితో మూస్తాం. ముల్లంగి ఆకుల కట్టను తాడుతో కట్టి, ముట్టె ఎత్తితే అందే ఎత్తులో వేలాడదీస్తాం. బియ్యం తెలివైనది, ముందుకాళ్లు కడ్డీల మీద పెట్టి లేచి ఆకును కిందికి లాగుతుంది. బెల్లం కింద నిలబడి రాలినవి తింటుంది. ఫ్రిజ్ తలుపు చప్పుడుకే వీక్ వీక్ అని ఇల్లెగిరిపోయేలా అరుస్తాయి. గొట్టం దొరికినప్పుడు ఉన్నచోటే నాలుగు కాళ్లూ గాల్లోకి లేచేలా గెంతుతాయి.

తప్పు కూడా ఒకటి చేశాం. మొదట్లో ఉత్సాహం ఆపుకోలేక ఒకే రోజు నాలుగు రకాల ఆకులు గంపెడు పెట్టేశాను. సాయంత్రానికి బెల్లానికి విరేచనాలు పట్టుకున్నాయి. మూలన ముడుచుకుని కూర్చుంది. ఎలుక జాతికి వాంతి చేసుకునే వీలు లేదు, లోపలికి పోయింది లోపలే తేలాలి. రాత్రంతా ఎండుగడ్డి, నీళ్లు మాత్రమే పెట్టి పొద్దున్నే వైద్యుడి దగ్గరికి పరుగెత్తాం. గండం గడిచింది. అప్పటినుంచి కొత్త ఆకు ఏదైనా రోజుకొక్క రెమ్మ, వారం పాటు. తర్వాతే పెంచడం.

హామ్‌స్టర్ గురించి అడిగినవారికి. మా ఇంట్లో దాని పేరు గింజ, సిరియా జాతి బంగారు హామ్‌స్టర్. 1930లో అలెప్పో దగ్గర పొలంలో బొరియ తవ్వి, ఒక తల్లినీ పదకొండు పిల్లలనూ పట్టుకుంది జంతు శాస్త్రవేత్త ఇస్రాయెల్ అహరోని బృందం. ప్రపంచమంతా పెంపుడు ఇళ్లలో ఉన్న ఈ జాతి హామ్‌స్టర్‌లలో ఎక్కువ భాగం ఆ కొద్దిపాటి పిల్లల సంతానమే. మా కింది అంతస్తులో ఉండే అలెప్పో కుటుంబానికి ఈ మాట చెబితే పెద్దాయన గింజను అరచేతిలో పెట్టుకుని చాలాసేపు చూశాడు. మా ఊరి పిల్ల అన్నాడు. దీనికి ఆకులు కొంచెమే, వేలెడు. గింజలే ముఖ్యం. ఆ గింజల్ని గిన్నెలో పోయకుండా జానెడు లోతు పొట్టులో చల్లేయండి, గోధుమ మొలకల చిన్న మూకుడు ఒకటి మూలన పాతిపెట్టండి. రాత్రి లేచి తవ్వి, బుగ్గసంచులు నింపుకుని, గూట్లో దాచుకుంటుంది. మిగిలిన పచ్చి ఆకు దాచుకుంటే కుళ్లుతుంది కాబట్టి పొద్దున వెతికి తీసేయాలి.

ఇప్పుడు మీరు అసలు అడిగింది. ఏ ఆకు పెట్టొచ్చు? మన ఇళ్లలో ఆకుకూరలకు కొదవ లేదు, అక్కడే జాగ్రత్త కావాలి. పాలకూర, బచ్చలి, తోటకూర, గంగవాయిలి కూర మనకు మంచివే గానీ వాటిలో ఆక్సలేట్లు ఎక్కువ. అవి కాల్షియంను పట్టుకుని ఒంటికి చేరనివ్వవు. ఇక్కడ ఫట్టూష్ సలాడ్ కోసం బగ్లా పేరుతో అమ్మే ఆకు మన గంగవాయిలే. ఎప్పుడైనా ఒక రెమ్మ ఫరవాలేదు, రోజూ వద్దు. గోంగూర మేం పెట్టం, ఆ కుండీ మా కోసం. మునగాకు, మందారాకు, కొత్తిమీర, మెంతికూర, ముల్లంగి ఆకు, జర్జీర్ మార్చి మార్చి ఇస్తాం. మా వీధి బకాలాలో, అంటే కిరాణా కొట్లో, మలయాళీ ఆయన కాలీఫ్లవర్ పై ఆకులు, క్యారెట్ ఆకులు పారేయకుండా సంచిలో దాచి ఉంచుతాడు. చలికాలంలో శుక్రవారాలు అల్ మజ్రూఆ కూరగాయల సంతకు వెళ్తే ఖతర్ పొలాల్లో పండిన తాజా కట్టలు దొరుకుతాయి. ఉల్లి, వెల్లుల్లి ఎట్టి పరిస్థితిలోనూ వద్దు. టొమాటో, వంగ, బంగాళదుంప మొక్కల ఆకులు విషం.

రోడ్డు పక్క మొక్కల్ని మాత్రం ముట్టకండి. ఇక్కడ పచ్చికకు శుద్ధి చేసిన మురుగునీరు పెడతారు, మందులూ కొడతారు. పైగా గన్నేరు. గన్నేరు పప్పు అంటే ఏమిటో మనకు చెప్పక్కర్లేదు, ఆకు కూడా అంతే. మా అమ్మాయి ఒకసారి నడక నుంచి వస్తూ రాయుడికని పూలకొమ్మ తెచ్చింది. గుమ్మంలో చూశాను కాబట్టి సరిపోయింది.

చిత్తూరు వైపు నుంచి ఒకరు రాశారు, తమ పొలం గట్టున నక్షత్ర తాబేలు కనబడితే తెచ్చి పెంచుకోవచ్చా అని. వద్దండీ, దయచేసి. వన్యప్రాణి సంరక్షణ చట్టం 1972 ప్రకారం అది నేరం, 2022 సవరణ తర్వాత అది మొదటి షెడ్యూల్‌లో ఉంది. అంతర్జాతీయ వ్యాపారంపైనా 2019లో పూర్తి నిషేధం పెట్టారు. ఆ డొప్ప మీది నక్షత్రాల కోసం సంచుల్లో కుక్కి దేశాలు దాటిస్తున్నారు. తొలకరికి గడ్డి లేవగానే అది బయటికి వచ్చి మీ గట్టునే మేస్తుంది. మందు కొట్టని జానెడు గట్టు వదిలితే చాలు, మీ దగ్గర ఉన్నట్టే. ఇక్కడి ధబ్‌దీ అదే మాట. ఐయూసీఎన్ ఎర్ర జాబితాలో ముప్పున్న జీవుల్లో ఉంది, చూసి రావాల్సిందే తప్ప తేకూడదు.

సల్కాటాను కొనమని కూడా నేను చెప్పను. అరచేతిలో పట్టే పిల్లగా అమ్ముతారు. పెరిగితే 40, 50 కిలోలు, మనిషి ఆయుష్షు. మూడో అంతస్తు దానికి ఇల్లు కాదు. రాయుడు ఇప్పుడు పళ్లెమంత ఉన్నాడు. అల్ ఖోర్ దగ్గర తోట ఉన్న మిత్రులతో మాట్లాడి ఉంచాం, రెండేళ్లలో నిజమైన నేల మీదికి పంపుతాం. అమ్మాయికి చెప్పాం. ఒక పూట ఏడ్చింది, తర్వాత అక్కడ మందార మొక్క ఎక్కడ నాటాలో కాగితం మీద బొమ్మ గీసింది.

రేపు శుక్రవారం. ట్రే మార్చే రోజు. మూడో దాంట్లో గోధుమ రెండంగుళాలు లేచింది, మెంతులు ఇంకా తల వంచుకునే ఉన్నాయి. మీ ఇళ్లలో ఏం పెంచుతున్నారో, అవి ఏ ఆకు ముందు ముట్టాయో రాయండి.

ఉంటాను,
మీ అల్ సద్ నేస్తం